వాయిదా కుర్చీ

కుర్చీలోంచి లేచి, చీర కుచ్చిళ్ళు సర్దుకుని, "ఇక్కడ టీ ఎక్కడ దొరుకుద్దండీ?" అని అడిగారు వరహాలమ్మ గారు.

ఆ కుర్చీ దగ్గర నేను అప్పటికి చాలామందిని చూశాను. లేవగానే గోడ పట్టుకున్నవాళ్ళు, మంచినీళ్ళ కోసం చెయ్యి చాపినవాళ్ళు, పక్కనున్న ప్లీడరు భుజం మీద తల వాల్చేసినవాళ్ళు. ఒక రొయ్యల వ్యాపారి అయితే చెప్పులు కూడా వేసుకోకుండా వరండాలోకి పరుగెత్తి, బెంచీ మీద కూర్చున్న భార్య ముందు నిలబడి, జేబులోంచి చేతిరుమాలు తీసి ఆవిడకిచ్చాడు. చెమట పట్టింది తనకి, రుమాలు ఇచ్చింది ఆవిడకి. లేచీ లేవగానే టీ అడిగిన మనిషి మాత్రం ఈవిడే.

"కళ్ళు తిరుగుతున్నాయా అమ్మా? గుండె దడగా ఉందా?"

"లేదండీ. బాగానే ఉంది. కూర్చోమన్నారు, కూర్చున్నాను. అయిపోయిందన్నారు, లేచాను. ఇంతేనాండీ? దీనికేనా మా తమ్ముడు అంత బెంగెట్టుకున్నాడు?"

గుమ్మం దగ్గర నిలబడ్డ ప్లీడరు జగ్గారావు గారు నవ్వారు. "నేను చెప్పలా అక్కగారూ, మీకేం కాదని! మాస్టారూ, రాసెయ్యండి మరి. 'ప్రభావం లేదు'. మీ నమూనాలో ఆ గడి ఎప్పుడూ ఖాళీగానే ఉంటుంది. పాపం, ఇవాళ దానికీ ఓ పని దొరికింది."

మా జిల్లా ఫ్యామిలీ కోర్టులో ఆ గది పేరు కాగితాల మీద 'ప్రతీక్షా పరీక్షాగది'. జనం నోట్లో మాత్రం వాయిదా కుర్చీ. విడాకుల కేసుల్లో, మనోవర్తి కేసుల్లో కాగితాలు సిద్ధంగా లేవని ఎవరు వాయిదా అడిగినా, వాళ్ళు ముందుగా ఆ కుర్చీలో కూర్చోవాలి. ఎదుటి పక్షం మనిషి కిందటి వాయిదా నుంచి మణికట్టుకి ఒక పట్టీ కట్టుకుని తిరుగుతూ ఉంటారు. ఎదురుచూపు వాళ్ళ ఒంట్లో ఏం చేసిందో ఆ పట్టీ దాచిపెడుతుంది. దాచిందాన్ని ఈ కుర్చీ ఒక పావుగంటలో కూర్చున్నవాళ్ళ ఒంట్లోకి దింపుతుంది. ఆలోచనలు రావు, దృశ్యాలు కనిపించవు. నోరు ఎండిపోవడం, ఫోను మోగితే కడుపులో కలుక్కుమనడం, వీధిలో మోటారుసైకిలు ఆగితే చెవులు నిక్కడం, తెల్లవారాక కూడా పిడికిళ్ళు బిగుసుకునే ఉండడం. అంతే. కాకపోతే ఒకరు నెలల తరబడి మోసింది ఇంకొకరు పావుగంటలో మోయాలి.

కుర్చీ వచ్చాక జీతం సర్టిఫికెట్లు దొరకడం మొదలైంది. వానకి తడిసిపోయాయన్న బ్యాంకు పుస్తకాలు పొడిపొడిగా బీరువాల్లోంచి బయటికొచ్చాయి. ఆ కొద్ది నెలలూ నాకు ఉద్యోగం చేస్తున్నట్టు ఉండేది కాదు, ఏదో శుభకార్యంలో తిరుగుతున్నట్టు ఉండేది.

ఆ తర్వాత జీపీఏలు వచ్చాయి. 'పక్షం గానీ, పక్షం తరఫున అధికారం పొందినవారు గానీ' కుర్చీలో కూర్చోవాలని నిబంధన. మనవాళ్ళకి జీపీఏ కొత్తా? స్థలం అమ్మాలన్నా, కరెంటు మీటరు మార్పించాలన్నా, ఊళ్ళో లేనివాడు అన్నగారికో బావమరిదికో సర్వాధికారాలూ రాసిచ్చేస్తాడు. ఇప్పుడు కుర్చీలో కూర్చోవడానికి కూడా రాసివ్వడం మొదలుపెట్టారు. వరహాలమ్మ గారి తమ్ముడు చక్రధర్ అలాగే రాసిచ్చాడు. అతను గుజరాత్ రేవుల్లో క్రేన్ల కంపెనీకి మేనేజరు. భార్య ప్రమీల మనోవర్తి కోసం కేసు వేసింది. ఆస్తులూ ఆదాయమూ చెబుతూ ప్రమాణపత్రం దాఖలు చెయ్యమని కోర్టు అతన్ని ఆదేశించింది. అది వస్తే గానీ ఎంత ఇవ్వాలో కోర్టు తేల్చలేదు. అది రావడం లేదు. కంపెనీ ఆఫీసు మారిందన్నారు, బ్యాంకు బ్రాంచీ ఇంకోదాంట్లో కలిసిపోయిందన్నారు, ఆడిటరుకి డెంగ్యూ అన్నారు.

నేను ఆ గడిలో ఏమీ రాయలేదు. 'పరిశీలనలో ఉంది' అని పక్కన రాసి సంతకం పెట్టాను. జగ్గారావు గారు మొహం చిట్లించినా, వాయిదా మాత్రం దొరికింది.

వరండాలో ప్రమీల బెంచీ చివర కూర్చుని ఉంది. స్కానింగ్ సెంటరులో రిసెప్షనిస్టుగా చేస్తుంది. యూనిఫారం చీర మీదే వచ్చింది, మధ్యాహ్నం డ్యూటీకి వెళ్ళిపోవాలని. ఆమె ముందు నుంచే వరహాలమ్మ గారు కాగితం కప్పులో టీ ఊదుకుంటూ, ఎటూ చూడకుండా గేటు వైపు నడిచి వెళ్ళారు.

"మాస్టారూ," అంది ప్రమీల. "ఆవిడకేమీ అవలేదా?"

"అవలేదమ్మా."

"అంటే నేనేమీ పడటంలేదనేనా మీ మిషను చెప్పేది?" గొంతు పెంచలేదు. పట్టీ ఉన్న చెయ్యి రెండో చేత్తో పట్టుకుని అడిగింది. "ఇంకోసారి సెలవంటే రానే వద్దన్నాడండి మా ఓనరు. జగ్గారావు గారు ఒక కాగితం పంపించారు. మనోవర్తి వద్దని సంతకం పెడితే విడాకులు వెంటనే ఇచ్చేస్తారంట. బ్యాగులోనే పెట్టుకు తిరుగుతున్నా. మా దేవికకి ఎనిమిదేళ్ళు. నాన్న పంపుతాడు, ఫీజు కడదాం అంటానా, అది నాకు ధైర్యం చెబుతుంది, 'పర్లేదులే అమ్మా' అని. ఎనిమిదేళ్ళ పిల్ల 'పర్లేదులే' అనకూడదు కదండీ. వచ్చే వాయిదాకి కూడా ఇలాగే అయితే పెట్టేస్తాను సంతకం."

నేను కోర్టు మనిషిని, ఎవరి పక్షమూ మాట్లాడకూడదు. "ఎండగా ఉంది, లోపలి నుంచి వెళ్ళమ్మా" అని అడ్డదారి తలుపు తీశాను. సిబ్బందికి తప్ప తియ్యకూడని తలుపు అది. కాపలా ఉన్న అటెండరు ఆ క్షణంలో తన బూటు లేసు ఊడిందని గుర్తొచ్చి వంగాడు.

సాయంత్రం, కుర్చీ గీసిన వరహాలమ్మ గారి గీతల్ని, ప్రమీల పట్టీ గీతల్ని పట్టుకుని రెహనా దగ్గరికి వెళ్ళాను.

రెహనా నా దగ్గర డిగ్రీలో జంతుశాస్త్రం చదివింది. ఆ తర్వాత దారి మార్చి పరికరాల ఇంజనీరు అయింది. ఇప్పుడు ఇంజనీరింగ్ కాలేజీలో వెనకవైపు షెడ్డు లాంటి ప్రయోగశాల ఆమెది. కుర్చీ పుట్టింది అక్కడే. నిజానికి మేము కుర్చీ తయారుచేద్దామని కూర్చోలేదు. గుండె లయ కొలిచే పట్టీ ఒకటి చేసి, "నాలుగు రోజులు కట్టుకోండి సార్, పనిచేస్తుందో లేదో చూద్దాం" అని నా చేతికి కట్టింది. ఆ నాలుగు రోజుల్లోనే మా ఆవిడ విశాలాక్షిని ఆసుపత్రిలో చేర్చాల్సి వచ్చింది. ఆ వానాకాలమంతా నేను ఐసీయూ బయట ప్లాస్టిక్ కుర్చీలో గడిపాను. పట్టీ సంగతి ఇద్దరం మరిచిపోయాం. అంతా అయిపోయాక రెహనా దాన్ని విప్పి తీసుకెళ్ళింది. చేతులు వణికే రోగుల నరాలకి సంకేతాలు పంపడానికి తను చేస్తున్న తీగచుట్ట యంత్రంలో, ఎలా ఉంటుందో చూద్దామని, ఆ పట్టీలో ఉన్నదంతా తన ఒంట్లోకి దింపుకుంది. ఆ తర్వాత మా ఇంటికొచ్చి, నాతో ఒక్క మాటా మాట్లాడకుండా వంటగదిలోకి వెళ్ళి అన్నం వండి, కంచంలో పెట్టి ఇచ్చి వెళ్ళిపోయింది.

మర్నాడు, "డాక్టర్లందర్నీ దీన్లో కూర్చోబెట్టాలి సార్" అంది. డాక్టర్లు కూర్చోలేదు. న్యాయశాఖ వాళ్ళు ఎక్కడో విని వచ్చి, కుర్చీని కోర్టుకి తీసుకెళ్ళి, దాన్ని చూసుకునే పని నాకే అప్పగించారు.

"గీతలో తప్పేం లేదు సార్," అంది రెహనా ఇప్పుడు తెర మీద వరహాలమ్మ గారి రేఖని పెద్దది చేస్తూ. "కుర్చీ సరిగ్గానే దింపింది. ఆవిడ ఒంట్లో మాత్రం ఏ మార్పూ రాలేదు."

"గట్టి మనిషి అనుకోవాలా?"

"అదే చూస్తున్నా. దింపడానికి ముందు ఒక నిమిషంపాటు కూర్చున్నవాళ్ళ మామూలు స్థితిని కొలుస్తాం కదా. అందులోంచి ఎంత పెరిగిందన్నదే మన లెక్క. ఆ మొదటి నిమిషం చూడండి."

ఆ నిమిషం తాలూకు రేఖ ఒక పక్కన పెట్టింది. ప్రమీల పట్టీ రేఖ ఇంకో పక్కన పెట్టింది. తర్వాత రెండిటినీ ఒకదాని మీదకి ఒకటి జరిపింది. జరిపాక తెర మీద ఒక్క గీతే మిగిలింది.

రెండోది ఎక్కడుందా అని నేను తెర దగ్గరికి వంగాను.

"తడిసి ముద్దయిన బట్ట మీద చెంబుడు నీళ్ళు పోశాం సార్," అంది రెహనా. "తడవలేదని రాయబోయాం."

ఆ సాయంత్రమే పాత రికార్డులన్నీ తిరగేసింది. ప్రభావం తక్కువ అని మేము రాసినవి కొన్ని దొరికాయి. అందరూ జీపీఏ పట్టుకొచ్చినవాళ్ళు. దాదాపు అందరూ ఆడవాళ్ళే. పెద్దక్కలు, వితంతువులైన పిన్నులు, అమ్మలు. మేము ప్రశాంతత అనుకున్నది ప్రతిచోటా ముందునుంచే తడిసి ఉన్న బట్టే.

"ఎవర్ని కూర్చోబెట్టాలో ప్లీడర్లకి మనకంటే ముందే తెలిసిపోయింది సార్."

"మనకెందుకు తెలియలేదమ్మా?"

రెహనా తెర ఆర్పేసి, నా వైపు చూడకుండా చెప్పింది. "మనం పరీక్షలు చేసినప్పుడు కాలేజీ పిల్లల్ని కూర్చోబెట్టాం. నన్ను నేను కూర్చోబెట్టుకున్నా. మిమ్మల్ని కూర్చోనివ్వలేదు, గుర్తుందా? వైరు బాలేదని, వయసుకి మంచిది కాదని ఏదో ఒకటి చెప్పేదాన్ని. మీరు కూర్చుంటే కుర్చీ పనిచేయదు సార్. మొదటి నుంచీ చేయదు. ఆ ఐసీయూ బయటి ఎదురుచూపు మీ ఒంట్లోంచి ఇంకా దిగలేదు. నేనది మీ ఒక్కరి సంగతే అనుకున్నాను."

నాకు కోపం రాలేదు. ఇన్నేళ్ళూ నా గురించి ఒక విషయం తెలిసి, నాకు తెలియకుండా జాగ్రత్తగా దాచిపెట్టుకున్న పిల్ల మీద ఏం కోపం వస్తుంది?

*

'పరిశీలనలో ఉంది' అని రాస్తే, కూర్చున్న మనిషిని మళ్ళీ పిలిచి వాళ్ళ గీతలు చూపించి సంతకం తీసుకోవాలి. కబురు పంపితే వరహాలమ్మ గారు వాయిదా దాకా ఆగకుండా వచ్చారు. పెద్ద సంచీ, అందులో ఇంటిపన్ను రసీదులు, కరెంటు బిల్లులు. వచ్చే దారిలో మునిసిపాలిటీ పని కూడా చూసుకొచ్చారట.

"తమ్ముడి పనులన్నీ నావేనండి. మేడమీద రెండు వాటాలు అద్దెకిచ్చాం, వసూళ్ళు నేనే. బ్యాంకు నేనే. నేను పెంచానండి వాణ్ణి. మా అమ్మ పోయేటప్పటికి వాడికి పాలపళ్ళు ఊడలేదు."

"మీవారు?"

"ఉన్నారండీ, రామచంద్రపురంలో. ఇంకో ఆవిడతో." కబురు చెప్పినట్టు చెప్పారు. "పెద్దమనుషులు, 'ఆగమ్మా, మాట్లాడతాం' అన్నారు. ఆగాను. తర్వాత మనోవర్తికి కేసు వేశానండి నేనూ. ఈ కోర్టు కట్టకముందు, పాత బిల్డింగులో. ఆయన జీతం కాగితం తెమ్మన్నారు జడ్జీగారు. తెస్తాం, తెస్తాం అన్నారు. నా ప్లీడరు పోయాడు. మా నాన్న పోయాడు. ఒకసారి పిలిస్తే పలికేవాళ్ళు లేక కొట్టేశారంట. కేసు కట్ట ఎక్కడో రికార్డు రూములో ఉంటుంది. తమ్ముడు ఇంట్లో పెట్టుకున్నాడు. వాడే దేవుడండి నాకు."

తెర మీద గీతలు రెండూ చూపించాను. నిబంధన ప్రకారం చూపించవలసినవే. ఏమీ వివరించలేదు. ఆవిడ కళ్ళజోడు తీసి, పమిటతో తుడిచి, మళ్ళీ పెట్టుకుని చూశారు.

"ఇందులో నాదేదండీ?"

"కింద పేరు చూస్తే గానీ నాకూ తెలీదమ్మా."

"రెండోది?"

"మీ మరదలిది."

చాలాసేపు చూశారు. వేలు పెట్టి ఒక ఎత్తు చూపించి, "ఇక్కడేమైందండీ?" అన్నారు.

"ఏమైందో పట్టీకి తెలీదు. ఏదో ఎదురుచూశారు, రాలేదు."

"పోస్టుమేను అయ్యుంటాడు," అన్నారు వరహాలమ్మ గారు నెమ్మదిగా. "సైకిలు బెల్లు మన గుమ్మం ముందు మోగి, పక్కింటికి పోతాడు చూడండి. అదే ఇది." వేలు గీత మీదే ఉంచి, "ఈ పిల్లకి ముప్ఫై అయినా ఉంటాయో లేదో. దీనికప్పుడే నా అంత వచ్చేసిందేంటండీ?"

సంతకం పెట్టడానికి పెన్ను ఇచ్చాను. పెట్టలేదు. సంచీలోంచి జీపీఏ కాగితం తీశారు.

"ఇది మాకు తెలిసిన దస్తావేజు లేఖరి రాశాడండి. ఇందులో నేనేం చెయ్యొచ్చని ఉందో చూసి చెప్తారా?"

"నేను చెప్పకూడదమ్మా. ప్లీడరుని అడగండి."

"ప్లీడరు మా తమ్ముడి ప్లీడరండి." ఒక నిమిషం నా మొహంలోకి చూసి, "పోనీ నేను చదువుకుంటాను. మీరు వినకండి," అని పైకే చదవడం మొదలుపెట్టారు. "'నా తరఫున కోర్టులయందు హాజరగుటకు, సంతకములు చేయుటకు, ప్రమాణము చేయుటకు, దస్తావేజులు దాఖలు చేయుటకు, అద్దెలు వసూలు చేయుటకు, ఫలసాయము అమ్ముటకు, గేదెలు మొదలగు పశువులను విక్రయించుటకు...' గేదెలెక్కడివండీ మాకు?"

"నమూనా ఒకటే ఉంటుందమ్మా వాళ్ళ దగ్గర. అందరికీ అదే దింపుతారు." ఆ మాట ఎవరు చెప్పినా తప్పులేదనిపించింది.

"దాఖలు చేయుటకు," అని మళ్ళీ చదివారు. కాగితం మడిచారు. "ఆ పిల్ల గెలిస్తే వాడు నన్ను ఇంట్లో ఉండనివ్వడండి. నాకంటూ ఉన్నది బైపాసు పక్కన జాగా ఒక్కటే. అదీ వాడే కొని, టాక్సుల గొడవని నా పేరున పెట్టాడు. ఎప్పటికైనా అందులో చిన్న రేకుల షెడ్డు వేసుకుందామని ఆశ."

నేను మంచినీళ్ళ గ్లాసు అందించాను. తాగి, సంతకం పెట్టి, సంచీ భుజానికి తగిలించుకుని వెళ్ళిపోయారు. ఏం నిర్ణయించుకున్నారో నాకు తెలియలేదు. ఆవిడకీ అప్పటికి తెలియదనే అనుకుంటాను.

*

వాయిదా రోజున అటెండరు వరండాలోకి వచ్చి పేర్లు పిలిచాడు. ప్రమీల లేచింది. ఆమె బ్యాగు జిప్పు తీసి ఉంది. లోపల మడత పెట్టిన కాగితం అంచు కనిపిస్తోంది.

న్యాయమూర్తి గారు యాభై దాటిన ఆవిడ. తక్కువ మాట్లాడతారు. నా నివేదిక చదివి తలెత్తారు. "మాస్టారూ, ఇందులో 'ప్రభావం కొలవడానికి వీల్లేదు' అని రాశారు. యంత్రం పాడైందా?"

"లేదండమ్మా. మా కుర్చీ తేడాని మాత్రమే కొలవగలదు. వీళ్ళిద్దరి మధ్యా తేడా లేదు."

జగ్గారావు గారు అందుకున్నారు. "తేడా లేదంటే ఏమిటండీ మేడమ్? మా జీపీఏ హోల్డరు నిక్షేపంగా ఉన్నారు, పిటిషనరూ అంతే నిక్షేపంగా ఉన్నారనేగా!"

"లేదా ఇద్దరూ ఒకేలాగ బాగాలేరనీ కావచ్చు," అన్నారు న్యాయమూర్తి గారు. "ప్రమాణపత్రం తెచ్చారా?"

"కంపెనీ హెచ్ఆర్ నుంచి ఒక్క సర్టిఫికెట్ రావాలండి. చిన్న వాయిదా. నిబంధన ప్రకారం మావాళ్ళు కుర్చీకి సిద్ధం. అక్కగారూ, లేవండి, అటు గదిలోకి..."

వరహాలమ్మ గారు లేచారు. గది వైపు వెళ్ళలేదు. బోను పక్కకి వచ్చి నిలబడ్డారు.

"నేను కూర్చోనండీ."

"అక్కగారూ, అదేంటి? కూర్చోవాలమ్మా."

"ఎన్నిసార్లు కూర్చోమంటావు బాబూ? నా పెళ్ళైన ఏడాది నుంచీ కూర్చునే ఉన్నాను." న్యాయమూర్తి గారి వైపు తిరిగారు. "అమ్మగారూ, ఆ కాగితమేదో నేనే దాఖలు చేస్తానండీ."

జగ్గారావు గారి గుమస్తా దగ్గాడు.

"మీ తమ్ముడి ఆస్తుల ప్రమాణపత్రం మీరు దాఖలు చేస్తారా?"

"వాడి తరఫున సంతకాలూ ప్రమాణాలూ దాఖలాలూ అన్నీ చెయ్యొచ్చని వాడే రాసిచ్చాడండీ. గేదెల్ని కూడా అమ్మొచ్చంట. గేదెల్లేవు గానీ, మేడ మీద రెండు వాటాలున్నాయి."

వెనక బెంచీల్లో నవ్వులు పుట్టాయి. న్యాయమూర్తి గారు జీపీఏ తెప్పించుకుని చదివారు, గేదెల దాకా. "మీకు స్వయంగా తెలిసినవే చెప్పాలి. విన్నవి కాదు."

"విన్నవెందుకండీ? అద్దెలు నా చేతుల మీదగానే బ్యాంకులో పడతాయి. వాడి జీతం కాగితాలు మా ఇంటికే వస్తాయి, అటక మీద అట్టపెట్టెలో పెట్టేది నేనే. తడవలేదు, చెదలు పట్టలేదు. రేపే తెచ్చిస్తాను." చేత్తో బోను కమ్మీ పట్టుకున్నారు. "బైపాసు పక్కన ఒక జాగా ఉందండి. కాగితాల్లో నా పేరు. డబ్బు వాడిది. అది కూడా రాసుకోండి."

జగ్గారావు గారు ముందుకు వంగి, మెల్లగా అన్నాననుకున్నారు గానీ అందరికీ వినబడింది. "అమ్మా, అది మీ పేరున ఉంది. మీరు నోరు మూసుకుంటే మీదే అవుద్ది."

"మూసుకునే ఉన్నాను కదండీ ఇన్నాళ్ళూ."

టైపిస్టు కొట్టడం మొదలుపెట్టాడు. ఆవిడ ఒక్కొక్కటే చెబుతున్నారు, సంతలో సరుకు అప్పజెప్పినట్టు. మధ్యలో ఒకసారి, "వాడు చెడ్డవాడు కాదండీ, వాయిదాలు వేస్తే ఆ పిల్లే విసిగిపోయి వెనక్కి వస్తుందనుకున్నాడు" అన్నారు. ఆ మాట టైపు చెయ్యాలా వద్దా అని టైపిస్టు తలెత్తి చూశాడు. న్యాయమూర్తి గారు వద్దని చెయ్యి ఊపారు. తమ్ముడి మీద వరహాలమ్మ గారికున్న ప్రేమ రికార్డులోకి ఎక్కకుండా ఆవిడకే మిగిలింది.

మధ్యంతర భరణం ఉత్తర్వు ఆ మధ్యాహ్నమే వచ్చింది. అసలు కాగితాలు మర్నాడు దాఖలు చెయ్యాలని, ఇంక వాయిదా లేదని. ప్రమీల బ్యాగులోంచి ఆ సంతకం కాగితం తీసి జగ్గారావు గారి బల్ల మీద పెట్టింది. "ఇది మీదేనండి. మర్చిపోయి నా దగ్గరుండిపోయింది."

వరండాలో ఫోను మోగింది. వరహాలమ్మ గారు దాన్ని చెవికి కాస్త దూరంగా పట్టుకున్నారు. అవతలి గొంతు మా దాకా వినిపించింది. ఎవరింట్లో ఉంటున్నావో గుర్తుందా అక్కా అని. జీపీఏ ఇప్పుడే రద్దు చేయిస్తున్నానని.

"చేయించు నాన్నా. గుర్తుంది. అట్టపెట్టె రేపు కోర్టులో ఇచ్చేసి వెళ్తాను. గ్యాసు బండ బుక్ చేశాను, ఎల్లుండి వస్తాడు, ఎవర్నన్నా ఇంట్లో ఉండమను. రెండో వాటా వాళ్ళ కుళాయి కారుతోంది, మర్చిపోకు." అవతల ఫోను పెట్టేశాడు. ఆవిడ కాసేపు ఫోను వైపే చూసి సంచీలో వేసుకున్నారు.

ప్రమీల ఎదురుగా వచ్చి నిలబడింది. "వదినగారూ, నేను మీకు దండం పెట్టను."

"పెట్టొద్దు."

"ఆ రోజు మీరు టీ తాగుతూ నా ముందు నుంచే వెళ్ళారు. ఒక్కసారి ఇటు చూడలేదు."

"చూస్తే మళ్ళీ కూర్చోగలనేంటే పిల్లా?"

ప్రమీల గేటు దాకా వెళ్ళి, వెనక్కి వచ్చింది. "మా కింద టైలరు షాపు వెనక గది ఖాళీగా ఉంది. చిన్నది. అద్దె మీరే కట్టుకోవాలి. వంట నాతో కలపను."

"కలపొద్దులే. మిషను కుట్టడం వచ్చు నాకు. దేవిక...?"

"అది అత్తా అని పిలిస్తే నేను వద్దనను."

ఇద్దరూ కలిసి నడవలేదు. ప్రమీల ముందు, ఆవిడ కాస్త వెనకగా. కానీ రోడ్డు దాటేటప్పుడు లారీ వస్తుంటే ప్రమీల చెయ్యి వెనక్కి చాపి ఆపింది. ఆవిడ ఆగారు.

*

రెహనా, నేను న్యాయశాఖకి వివరంగా రాశాం. 'ప్రభావం లేదు' గడి తీసెయ్యాలని, జీపీఏ మీద ఎవర్నీ కుర్చీలో కూర్చోబెట్టకూడదని, మేము పొరబాటుగా ధ్రువీకరించిన పాత కేసులు మళ్ళీ చూడాలని. ఆ లేఖ ఇంకా పరిశీలనలోనే ఉంది. వాళ్ళని కూడా ఒకసారి కుర్చీలో కూర్చోబెడితే సరిపోతుంది సార్ అంటుంది రెహనా. అప్పటిదాకా మా గదిలో ఆ గడి మీద నేను అడ్డంగా గీత గీసి సంతకం పెడుతున్నాను. ఎవరూ అడగలేదు.

ఒకరోజు మధ్యాహ్నం కోర్టు ఎదురుగా జిరాక్సు షాపులోకి వెళితే, లోపలి బెంచీ మీద వరహాలమ్మ గారు, ప్రమీల కనిపించారు. ప్రమీల ఒళ్ళో అట్ట పెట్టుకుని రాస్తోంది. ఆమె దస్తూరీ బాగుంటుంది.

"రండి మాస్టారండీ," అన్నారు వరహాలమ్మ గారు. "నా పాత కట్ట దొరికిందండి. రికార్డు రూము కుర్రాడు దుమ్ము దులిపి ఇచ్చాడు, పైసా అడగలేదు. మళ్ళీ తెరవమని పిటిషను వేస్తున్నాను. ఆయనకి పెన్షను వస్తుందంట, కాగితాలు తెమ్మని అడుగుదామని."

"మంచిదమ్మా."

"ఇదొక్కటి తెగడం లేదండీ," అంది ప్రమీల. "ఇన్నేళ్ళు ఆలస్యమైనందుకు కారణం చెప్పాలంట. ఊరికే ఏదో ఒకటి అంటే ఒప్పుకోరంట. ప్రతి రోజుకీ కారణం ఉండాలంట. ఏం రాయమంటారు వదినగారూ? జబ్బు చేసిందని రాయనా? ప్లీడరు పోయాడని రాయనా? తెలీదు అని రాయనా?"

వరహాలమ్మ గారు ఆలోచించారు. షాపులో మిషను ఒక్కో కాగితాన్నే వెలుగు చూపించి బయటికి తోస్తోంది. ఎవరో తొందర తొందర అంటున్నారు. ఆవిడ మాత్రం తొందరపడలేదు.

"ఆగమన్నారు, ఆగాను. అని రాయమ్మా."

ప్రమీల తలెత్తి ఆవిడ వైపు చూసింది. తల వంచి రాసింది. రాశాక కింద ఇంకా సగం పేజీ మిగిలింది.

"ఇంకేమైనా రాయాలా?"

"అదే కారణం. ప్రతి రోజుకీ అదే," అన్నారు వరహాలమ్మ గారు, సంతకం పెట్టడానికి పెన్ను కోసం చెయ్యి చాపుతూ.